వీఆర్ హెడ్‌సెట్ కొనాలా, వద్దా? డబ్బు కట్టకముందే తేల్చుకోండి

"వీఆర్ హెడ్‌సెట్లలో ఏది మంచిది?" అని అడిగేవారు చాలామంది. వీఆర్ (వర్చువల్ రియాలిటీ) హెడ్‌సెట్ అంటే కళ్లకు పెట్టుకుంటే చుట్టూ వేరే లోకం ఉన్నట్టు చూపించే పరికరం. మోడల్ సంగతి తర్వాత చూద్దాం. అది మీ గదికి, మీ కళ్లకు, మీ కడుపుకు పడుతుందా అన్నది ముందు తేలాలి. పడకపోతే ఎంత గొప్ప మోడలైనా మూడో నెలకు బీరువా ఎక్కి కూర్చుంటుంది. కింది పద్ధతి విశాఖపట్నం ఫ్లాట్లను, ఇక్కడి ఉక్కను దృష్టిలో పెట్టుకుని రాసినది. ఒక ఆదివారం చాలు, ఖర్చు కూడా పెద్దగా ఉండదు.

నా అభిప్రాయం దాచను. అడిగినవారిలో ఎక్కువమంది ఇప్పుడే కొనకపోవడం మేలు. మిగిలిన కొద్దిమందికి మాత్రం ఇది పెట్టిన ప్రతి రూపాయికీ న్యాయం చేసే వస్తువు. మీరు ఏ జట్టులో ఉన్నారో పరీక్షలే చెబుతాయి.

కావలసినవి

మీటరు టేపు, సుద్దముక్క, మందపాటి తువ్వాలు, మిల్లీమీటర్ల గీతలున్న స్కేలు, అద్దం, గోడ క్యాలెండరు, ఒక అప్పడాల కర్ర. కర్ర ఎందుకో రెండో మెట్టులో తెలుస్తుంది. ఇంట్లో వైఫై, ఒక స్మార్ట్‌ఫోను ఎలాగూ ఉండాలి.

రకాలు, క్లుప్తంగా

ఫోను పెట్టి చూసే డబ్బాలు ఒక రకం. 2023లో ఐపీఎల్ సమయంలో 1,299 రూపాయలకు వచ్చిన జియోడైవ్ అలాంటిదే. వీటిలో తల తిప్పితే దృశ్యం తిరుగుతుంది కానీ, ఒక అడుగు ముందుకు వేస్తే దృశ్యం మీతో కదలదు. రెండో రకం మెటా క్వెస్ట్ 3, క్వెస్ట్ 3ఎస్ వంటివి. కంప్యూటర్ అవసరం లేకుండా వాటంతట అవే పనిచేస్తాయి, మీ అడుగును, చేతుల కదలికను కూడా గుర్తిస్తాయి. మూడో రకానికి వెనక ఇంకో యంత్రం కావాలి. సోనీ వారి ప్లేస్టేషన్ వీఆర్2 ప్లేస్టేషన్ 5 కోసం తయారైంది. యాపిల్ విజన్ ప్రోకు మాత్రం వేరే యంత్రం అక్కర్లేదు, కానీ అది 2024లో అమెరికాలో 3,499 డాలర్లకు వచ్చింది. అది కొనగలిగినవారికి ఈ వ్యాసంతో పని లేదు.

ఇకపై నేను చెప్పేదంతా ముఖ్యంగా రెండో రకం గురించి.

1. దేనికో ఒక్క వాక్యంలో రాయండి

"వారానికి మూడు సాయంత్రాలు అరగంట చొప్పున బాక్సింగ్ గేమ్‌తో వ్యాయామం చేస్తాను" అన్నది మంచి వాక్యం. "కొత్త టెక్నాలజీ కదా, చూద్దామని" అన్నది వాక్యమే కాదు. "పిల్లల చదువుకు పనికొస్తుందని" అని రాసి ఉంటే ఏ పాఠం, ఏ యాప్, ఏ భాషలో అని పక్కనే రాయండి. అక్కడ పెన్ను ఆగిపోతే ఆ కారణాన్ని కొట్టేయండి.

సినిమాల కోసమే అయితే ఇక్కడే ఆగండి. క్వెస్ట్ 3, 3ఎస్ రెండూ అర కిలోకు కాస్త పైనే బరువుంటాయి. బ్యాటరీ రెండు, రెండున్నర గంటలకు మించి రాదు. మన సినిమా నిడివికి ముఖమూ చాలదు, చార్జింగూ చాలదు. పైగా చూసేది మీరొక్కరే; ఇంటిల్లిపాదీ పక్కన ఊరికే కూర్చోవాలి. ఆ డబ్బుతో పెద్ద టీవీ కొనుక్కోండి.

పిల్లలకు జలాంతర్గామి లోపలెలా ఉంటుందో చూపించాలని కొందరి కోరిక. వీఆర్‌లో అలాంటి వీడియోలు ఉంటాయి, కాదనను. కానీ ఆర్.కె. బీచ్‌లో అసలు కురుసురానే ఒడ్డున నిలబెట్టి ఉంచారు. టికెట్టు కొని లోపలికి నడిపించండి.

2. చోటు కొలవండి

నిలబడి ఆడే గేమ్‌లకు అడ్డంకులు లేని 2 మీటర్ల పొడవు, 2 మీటర్ల వెడల్పు చోటు కావాలి. హాల్లో టీపాయి జరిపి, సుద్దముక్కతో ఆ చతురస్రం గీయండి. జరపగలిగిన సామాను సరే, రోజూ జరుపుతారా అన్నదే ప్రశ్న. సోఫా ఈడ్చాల్సిన ఇంట్లో మొదటి వారం ఉత్సాహంగా ఈడుస్తారు, రెండో వారం నుంచి హెడ్‌సెట్ పెట్టెలోనే ఉంటుంది.

ఇప్పుడు చతురస్రం మధ్యలో నిలబడి కళ్లకు తువ్వాలు కట్టుకోండి. గీత బయట ఇంకొకరు కాపలా ఉండాలి. ఉన్నచోటే ఒక నిమిషం కవాతు చేయండి, మధ్యమధ్య చేతులు విసరండి. తువ్వాలు తీసి ఎక్కడున్నారో చూసుకోండి. కదలలేదనుకున్నవారు కూడా మూలకు చేరి, ఏ షోకేసు వైపో తిరిగి నిలబడి ఉంటారు. హెడ్‌సెట్‌లో సరిహద్దు గీసుకునే సదుపాయం ఉంది, దాటబోతే హెచ్చరిస్తుంది. కానీ చెయ్యి విసిరే వేగానికి ఆ హెచ్చరిక అందదు.

తర్వాత ఫ్యాను. స్విచ్ ఆపి, రెక్కలు పూర్తిగా నిలిచాక, అప్పడాల కర్ర పట్టుకుని చెయ్యి పైకెత్తండి, మునివేళ్ల మీద లేవండి. కర్ర కొన రెక్కకు జానెడు దూరంలోకి వచ్చినా ఆ గది పనికిరాదు. ఇంట్లో అందరికంటే పొడుగైనవారితో ఈ పరీక్ష చేయించండి. కర్రను ఆటలో చేత్తో పట్టుకునే కంట్రోలర్ అనుకోండి.

ఇంత చోటు దొరకకపోతే కూర్చుని ఆడే గేమ్‌లు, 360 డిగ్రీల వీడియోలు ఉన్నాయి. వాటికి చేతులు లేని కుర్చీ, చుట్టూ చేయి చాపినంత ఖాళీ చాలు. అయితే మొదటి మెట్టులో మీరు రాసుకున్న వాక్యం బాక్సింగ్ గురించైతే కుర్చీతో సర్దుకోలేరు.

3. ఉక్కతో బేరం

మన ఊళ్లో కొనేవారు ముందుగా ఊహించని సమస్య ఇది. ఏప్రిల్, మే నెలల్లో ఫ్యాను ఆపి పది నిమిషాలు గెంతితే ఏమవుతుందో చెప్పక్కర్లేదు. నుదుటి చెమట లోపలి మెత్తకు అంటుతుంది, లెన్సులు ఆవిరి పడతాయి, అంతా మసక. ఏసీ గదిలో ఆడదామంటే అది పడకగది. మంచం పోగా మిగిలేది సన్నని సందు.

అందుకే ఈ పరీక్షను మీరు ఆడబోయే గదిలోనే, ఆడబోయే వేళకే చేయండి. ముఖానికి తువ్వాలు చుట్టుకుని, ముక్కూ నోరూ వదిలేసి, పావుగంట చేతులూ కాళ్లూ ఆడించండి. ఐదో నిమిషంలోనే పీకి పారేయాలనిపిస్తే మీ వేసవి ఆట అక్కడితో సరి. ఏడాదిలో నాలుగు నెలలు తీసేసి లెక్క వేసుకోండి.

ప్రత్యామ్నాయం ఉంది. స్టాండు ఫ్యాను గీతకు బయట, మీకు ఎదురుగా పెట్టుకోండి. చెమట ఆరుతుంది, అంతకన్నా పెద్ద లాభం ఇంకొకటి ఉంది: ముఖానికి గాలి తగిలే వైపే ముందు వైపని మీ శరీరానికి తెలుస్తూ ఉంటుంది. దిక్కు తప్పరు, కొందరికి తల తిరగడమూ తగ్గుతుంది.

పడకగదిలోనే ఆడాలంటే బీరువా అద్దం మీద దుప్పటి కప్పండి. హెడ్‌సెట్ బయటి కెమెరాలతో గదిని గుర్తుపడుతుంది. నిలువుటద్దంలో కనిపించే గదిని చూసి తికమకపడుతుంది. చీకటిలోనూ సరిగా పనిచేయకపోవచ్చు. రాత్రి కరెంటు పోతే బ్యాటరీ నిండుగా ఉన్నా ఆట ఆగిపోవచ్చు.

సముద్రం దగ్గర ఉండేవారికి ఇంకో మాట. తేమ గాలిలో కెమెరా లెన్సుకు బూజు పట్టినట్టే దీని లెన్సుకూ పట్టవచ్చు. మూత గట్టిగా పడే డబ్బాలో సిలికా జెల్ పొట్లాలు వేసి దాచాలి. ఆ శ్రద్ధ మీకు ఉందో లేదో మీకే తెలుసు.

4. కళ్ల మధ్య దూరం

రెండు కనుపాపల మధ్య దూరం లెన్సుల మధ్య దూరంతో కలవకపోతే బొమ్మ మసకబారుతుంది, తలనొప్పి వస్తుంది. అద్దానికి జానెడు దూరంలో నిలబడి స్కేలును కనుబొమలకు ఆనించండి. కుడి కన్ను మూసి, ఎడమ కనుపాప నడిమికి సున్నా గీతను కలపండి. తల కదపకుండా ఎడమ కన్ను మూసి, కుడి కనుపాప నడిమి ఏ గీత మీద ఉందో చదవండి. కొలిచిన ప్రతిసారీ వేరే అంకె వస్తుంటే కళ్లజోళ్ల దుకాణంలో కొలిపించుకోండి, ఒక్క నిమిషం పని.

క్వెస్ట్ 3ఎస్‌లో లెన్సులు మూడు స్థానాల్లోనే నిలుస్తాయి: 58, 63, 68 మిల్లీమీటర్లు. క్వెస్ట్ 3లో చక్రం తిప్పి 58 నుంచి 71 వరకు ఎక్కడైనా నిలపవచ్చు. మీది 63కు దగ్గరగా ఉంటే చవకదైన 3ఎస్‌తో దిగులు లేదు. 60, 66 వంటి నడిమి అంకెలవారు, 70 దాటినవారు 3ఎస్‌ను పెట్టుకుని చూడకుండా కొనకండి. ఇంట్లో నలుగురు వాడాలంటే నలుగురి కొలతా తీయండి.

కళ్లద్దాలు ఉన్నవారు ఫ్రేము వెడల్పు కూడా కొలుచుకోండి. అద్దం హెడ్‌సెట్ లెన్సుకు రాసుకుంటే రెండింటి మీదా గీతలు పడతాయి, ఆ గీతలు పోవు.

మూర్ఛ ఉన్నవారు, గుండెకు పేస్‌మేకర్ ఉన్నవారు, గర్భిణులు డాక్టరును అడిగాకే ముందుకు వెళ్లాలి.

5. కడుపు సంగతి

అరకు ఘాట్ రోడ్డులో బస్సెక్కి ఫోను చూస్తే మీకు వాంతి వస్తుందా? వస్తే జాగ్రత్త. బస్సులో శరీరానికి కదలిక తెలుస్తుంది, కళ్లకు తెలియదు. వీఆర్‌లో అది తిరగబడుతుంది. కళ్లు పరుగెడుతుంటాయి, శరీరం హాల్లో నిలబడి ఉంటుంది. ఆ పొత్తు కుదరకపోవడమే కడుపులో తిప్పడానికి కారణం.

ఇంతమాత్రాన కొనకూడదని కాదు. మీ కాళ్లతో మీరే కదిలే గేమ్‌లు చాలామందికి పడతాయి. కంట్రోలర్ మీది చిన్న పుల్లతో (జాయ్‌స్టిక్) బొమ్మను నడిపించేవి, విమానాలు, కార్ల పందాలు కడుపులో తిప్పుతాయి. మెటా స్టోర్‌లో ప్రతి గేమ్‌కు కంఫర్టబుల్, మోడరేట్, ఇంటెన్స్ అని గుర్తు ఉంటుంది. మీరు కొనాలనుకున్న గేమ్‌లు అన్నీ మూడో గుర్తువే అయితే, ఘాట్ రోడ్డు మీకు పడనిదైతే, జవాబు దాదాపు తేలిపోయినట్టే.

తిప్పినప్పుడు పళ్లబిగువున ఓర్చుకోవద్దు. ఓర్చుకుంటే అలవాటవుతుందని కొందరు చెబుతారు. నిజానికి పెట్టె చూస్తేనే వికారం పుట్టే స్థితి వస్తుంది. మొదటి తేడా తెలియగానే తీసేయండి, మర్నాడు మళ్లీ చూడండి. అలవాటు అయ్యే దారి అదే.

6. పెట్టుకుని చూడండి, కానీ సరైన చోట

మాల్ గేమ్‌జోన్‌లో పెట్టుకుని, బాగుందని కొనేస్తారు కొందరు. అక్కడి కుర్చీ కూడా ఊగుతుంది, కాబట్టి కళ్లకూ శరీరానికీ పొత్తు కుదురుతుంది. ఇంట్లో కుర్చీ ఊగదు. పైగా అక్కడ మీరు గడిపేది కొద్ది నిమిషాలే. ఆ పరీక్షతో కళ్లద్దాలు పడతాయా, ముక్కు మీద ఎంత బరువు అన్నవి మాత్రం తెలుస్తాయి. పెట్టుకునే ముందు లోపలి మెత్త తుడిపించుకోండి. అక్కడి నుంచి వెంటనే బండి నడపవద్దు. తూకం కుదురుకునేదాకా పావుగంట కూర్చోండి.

కొన్న స్నేహితుడి ఇంట్లో ఒక సాయంత్రం గడపడం అన్నిటికన్నా మంచిది. మధురవాడ, రుషికొండ వైపు ఐటీ ఉద్యోగుల్లో ఒకరిద్దరి దగ్గరైనా ఉంటుంది. ఆడాక ఆయన్ను "ఎలా ఉంది?" అని అడగవద్దు, బాగుందనే అంటాడు. "చివరిసారి ఎప్పుడు పెట్టుకున్నావు?" అని అడగండి.

ఫోను డబ్బా కొని దానితో తీర్పు చెప్పడం కూడా తప్పే. గుడి గోపురం చూసి ప్రసాదం రుచి చెప్పినట్టుంటుంది. పైగా చవక ఫోన్లలో గైరోస్కోప్ (ఫోను ఎటు తిరిగిందో గుర్తించే భాగం) లేకపోతే అదీ సరిగా పనిచేయదు.

7. గంటకు ఎంత పడుతుందో లెక్క

హెడ్‌సెట్ ధర ఒక్కటే ఖర్చు కాదు. తలకు గట్టిగా పట్టే పట్టీ, చెమట పీల్చని సిలికాన్ తొడుగు, గేమ్‌లు కలుపుకోవాలి. కంప్యూటర్ గేమ్‌లు కూడా ఆడాలంటే మంచి గ్రాఫిక్స్ కార్డు, 5 గిగాహెర్ట్జ్ రౌటరు, రౌటరు నుంచి కంప్యూటర్‌కు తీగ అవసరం.

ఉదాహరణకు అన్నీ కలిపి 50,000 రూపాయలు అనుకుందాం. వారానికి 3 గంటల చొప్పున రెండేళ్లు వాడితే 312 గంటలు. గంటకు 160 రూపాయలు. సినిమా టికెట్టుతో సమానం, బాగానే ఉంది. అదే 20 గంటలు వాడి వదిలేస్తే గంటకు 2,500. మీ వాక్యంలో రాసుకున్న గంటల్లో సగమే పట్టుకోండి, వేసవి నెలలు తీసేయండి, అప్పుడు భాగించండి. వచ్చిన అంకెను ఇంట్లో పెద్దలకు వినిపించగలరా? వినిపించగలిగితే ముందుకు వెళ్లండి.

8. కొనేటప్పుడు

క్వెస్ట్ 3ఎస్ 2024లో అమెరికాలో 299 డాలర్లకు మొదలైంది. ఇక్కడ ఆన్‌లైన్‌లో దిగుమతిదారులు అమ్మే ధర దానికన్నా బాగా ఎక్కువ ఉంటుంది. కాబట్టి అమ్మేవారిని రాతపూర్వకంగా మూడు అడగండి: వారంటీ తయారీదారుదా, అమ్మేవారిదా? పాడైతే ఎక్కడికి పంపాలి, పంపే ఖర్చు ఎవరిది? పెట్టె తెరిచాక కూడా వాపసు తీసుకుంటారా? మూడోదానికి నసిగితే ఇంకొకరిని చూసుకోండి. అమెరికాలో ఉన్న బావగారితో తెప్పించుకుంటే చవకే, కానీ పాడైతే మళ్లీ ఆయనతోనే పంపాలి.

సెకండ్‌హ్యాండ్ అయితే స్వయంగా చూడకుండా డబ్బు ఇవ్వవద్దు. పెట్టుకుని తెల్లటి తెర తెరవండి. కదలని పసుపు మచ్చ లేదా నల్ల మచ్చ కనిపిస్తే ఎప్పుడో ఎండలో పెట్టారన్నమాట. లెన్సు భూతద్దం కదా, ఎండను కూడగట్టి లోపలి తెరను కాలుస్తుంది. దానికి మరమ్మతు లేదు. కంట్రోలర్ పుల్లను వదిలేసినా బొమ్మ దానంతట అదే జరుగుతుంటే పుల్ల అరిగింది. చివరగా పాత యజమాని తన ఖాతా నుంచి దాన్ని తొలగించి, మీ ఎదుటే రీసెట్ చేయాలి.

9. వాపసు గడువులోనే తీర్పు

పెట్టె రాగానే, తెరుస్తున్నప్పుడు వీడియో తీయండి. గడువు ఎప్పటితో ముగుస్తుందో క్యాలెండరులో ఎర్ర గీత గీసి, దానికి ఒకరోజు ముందు తీర్పు రోజు పెట్టుకోండి. మొదటి రోజు పది నిమిషాలే. తర్వాత మెల్లగా పెంచండి. ఆడిన ప్రతి రోజుకూ తేదీ గడిలో ఒక టిక్కు, తల తిరిగితే సున్నా.

గేమ్‌లను గుత్తగా కొనకండి, ఉచిత నమూనాలతో మొదలుపెట్టండి. మెటా స్టోర్‌లో కొన్న గేమ్‌ను 14 రోజుల్లోపు, 2 గంటలకన్నా తక్కువ ఆడి ఉంటే సాధారణంగా వెనక్కి ఇవ్వవచ్చు.

తీర్పు రోజున లెక్క చూడండి. ఎవరూ గుర్తు చేయకుండా మీ అంతట మీరు పెట్టుకున్న రోజులే లెక్క. చుట్టాలు వచ్చినప్పుడు చూపించిన టిక్కులు కొట్టేయండి. మిగిలిన టిక్కులు మొదటి రోజుల్లోనే గుమిగూడి తర్వాత గడులు ఖాళీగా ఉంటే వాపసు చేయండి. చివరి రోజుల్లోనూ ఉంటే ఉంచుకోండి. సున్నాలు తగ్గుతూ వస్తే అది మంచి గుర్తు. అలాగే ఉంటే కాదు.

ఎక్కువమంది చేసే పొరపాట్లు

చిన్నపిల్లలకు తగిలించడం. మెటా 10 ఏళ్ల లోపు పిల్లలకు ఖాతా ఇవ్వదు, సోనీ 12 ఏళ్ల లోపు వద్దంటుంది. "మా వాడు పొడుగు" అన్నది జవాబు కాదు.

తూర్పు కిటికీ దగ్గర పెట్టడం. పొద్దుటి ఎండ కాసేపు తగిలినా చాలు, పైన చెప్పిన మచ్చకు. లెన్సులు ఎప్పుడూ చీకటి వైపు తిరిగి ఉండాలి.

లెన్సును స్పిరిట్‌తో, చీర కొంగుతో తుడవడం. కళ్లద్దాలు తుడిచే పొడి మైక్రోఫైబర్ గుడ్డ ఒక్కటే వాడండి. తలకు నూనె పెట్టుకున్న రోజు హెడ్‌సెట్ ముట్టవద్దు, మెత్త పీల్చుకుంటే వాసన వదలదు. బొట్టుబిళ్ల ముందే తీసేయాలి. లోపల అంటుకుని, తర్వాత పెట్టుకున్నవారి నుదుటికి చేరుతుంది.

కంట్రోలర్ తాడును మణికట్టుకు వేసుకోకపోవడం. టీవీ ఎదురుగా నిలబడి ఆడేవారికి ఈ మాట రెండుసార్లు చెప్పాలి.

వాపసు చేయాలని తేలితే

ముందు ఫోను యాప్‌లో హెడ్‌సెట్‌ను మీ ఖాతా నుంచి తొలగించండి, తర్వాత రీసెట్ చేయండి. కొన్న గేమ్‌లు గడువులో ఉంటే వాటి డబ్బు వేరుగా అడగాలి. హెడ్‌సెట్ వెనక్కి పోయినంత మాత్రాన అది రాదు. మెత్తను తుడిచి ఆరబెట్టండి, ఎండలో మాత్రం కాదు. లెన్సుల మీద వచ్చిన పలుచని కాగితాన్ని పారేయకుండా ఉంటే మళ్లీ అంటించండి. కంట్రోలర్లలోని బ్యాటరీలు, చార్జరు, తీగ, చీటీలు అన్నీ పెట్టెలో పెడుతూ మళ్లీ వీడియో తీయండి; హెడ్‌సెట్ సీరియల్ నంబరు అందులో స్పష్టంగా కనిపించాలి. కొరియరు ఇచ్చిన రసీదును డబ్బు ఖాతాలో పడేదాకా పారేయవద్దు.